తల్లి చేతి తుపాకి

వార్తాపత్రికల సంపాదకీయ స్తంభములలో టెలివిజను కథలకు చోటేల యని మా చదువరులలో కొంద రడుగవచ్చును. పంటలు, ధరలు, విద్య, ఎన్నికలు మున్నగు నిన్ని విషయములు విచారింపవలసియుండగా, అత్తాకోడండ్ర కన్నీటి గాథలతో జాతికేమి పని యని వా రనవచ్చును. ఈ ప్రశ్నకు మా సమాధాన మొక్కటియే. జాతి సభలలో మాత్రమే జీవించుట లేదు; రాత్రి భోజనములైన పిమ్మట ఇంటిల్లిపాదియు కూర్చుండు నడుమగదిలో జీవించుచున్నది. అచ్చట అది దేనిని చూచి కంట తడి పెట్టుకొనునో, దేనిని చూచి న్యాయమని తల యూచునో తెలిసికొననివాడు ఆ జాతి మనస్సును తెలిసినవాడు కాజాలడు.

హిందీలో ‘క్యోంకి సాస్ భీ కభీ బహూ థీ’ యను కుటుంబ ధారావాహిక 2000 సంవత్సరము జులై 3వ తేదీన స్టార్ ప్లస్ ఛానలులో ప్రారంభమైనది. బాలాజీ టెలిఫిల్మ్స్ సంస్థ పక్షమున ఏక్తా కపూర్ దానిని నిర్మించిరి. 2008 నవంబరు 6 వరకు, ఎనిమిదేండ్లకు పైగా, 1,800లకు మించిన భాగములుగా అది సాగినది. రాత్రి పదిన్నర గంట లగుసరికి దేశమునందలి అసంఖ్యాక గృహములలో పనులు చాలించి జనులు టెలివిజను ముందు చేరెడివారు. హిందీ యంతంతమాత్రముగా తెలిసిన తెలుగు గృహములలో సైతము కథానాయిక తులసి పేరు ఎరుకపడినది. ఆ పాత్రను ధరించిన శ్రీమతి స్మృతి ఇరానీ పిమ్మట రాజకీయములలో ప్రవేశించి 2014లో కేంద్రమంత్రి పదవి నలంకరించిరి. 2025 జులై 29వ తేదీన అదే పేరుతో, అదే నటి అదే పాత్ర ధరింపగా, ఆ కథ మరల ప్రారంభింపబడినది. పాత కథలోని ఘట్టములు ఈ సందర్భమున జనుల నోట మరల నానినవి. వానిలో ఒక ఘట్టమును గూర్చియే మేము నేడు ప్రసంగింప దలచితిమి.

అంతకుముందు ఇట్టి ధారావాహికలు మన దేశమున ఏ యుద్దేశముతో పుట్టినవో జ్ఞాపకము చేసికొనుట మంచిది. 1984 జులై 7వ తేదీన దూరదర్శన్ వారు ‘హమ్ లోగ్’ అను కథను ప్రారంభించిరి. మెక్సికో దేశమున కుటుంబ కథల మూలమున ప్రజలకు కుటుంబనియంత్రణాది విషయములను బోధించిన పద్ధతిని చూచి, దాని ననుసరించియే మన ప్రభుత్వమువా రీ ప్రయత్నమునకు పూనుకొనిరి. శ్రీ మనోహర్ శ్యామ్ జోషి దానిని రచించిరి. సామాన్య కుటుంబముయొక్క కష్టసుఖములను చూపి, ప్రతి భాగము చివరను వృద్ధనటుడు శ్రీ అశోక్ కుమార్ పెద్దదిక్కువలె వచ్చి నాలుగు మంచిమాటలు చెప్పెడివారు. నూటయేబదికి మించిన భాగములతో ఆ కథ ముగిసినది. 1990 తరువాతి కాలమున ఉపగ్రహ ఛానళ్లు వచ్చినవి. బోధ పోయి బేరము వచ్చినది. చిన్న యింటికి మారుగా మహాభవనము లమరినవి. నిద్రలేచిన క్షణముననే పట్టుచీరలు, వజ్రహారములు కానవచ్చినవి. చచ్చినవారు బ్రతికివచ్చుట పరిపాటి యైనది. తులసి భర్త మిహిర్ మరణింపగా ప్రేక్షకులు చేసిన గగ్గోలునకు తాళజాలక నిర్మాతలు అతనిని మరల బ్రతికింపవలసి వచ్చెను. ఈ దోషముల నెన్నువారితో మాకు వివాదము లేదు. అయినను చిత్తడినేలలో నొకచో గట్టినేల కాలికి తగిలినట్లు, ఈ కథలో ఒక్కచోట సత్యము మనకు తగులుచున్నది.

ఆ ఘట్ట మిట్టిది. విరానీలు ముంబయిలో స్థిరపడిన గుజరాతీ ధనికులు. వారి భవనముపేరు శాంతినికేతనము. ఆ యింటి పురోహితుని కుమార్తె యైన తులసి ఆ యింటికే కోడలై వచ్చి, అత్త సవిత చేత అనేక నిరాదరణల ననుభవించినది. కాలక్రమమున తానే యత్త యైనది. ఆమె కుమారులలో ఒకడు అంశ్. అతని భార్య నందిని. ఆ యంశ్ తన భార్యపై, ఆమె యిష్టమునకు విరుద్ధముగా బలాత్కారము చేసెను. అప్పుడు తులసి కుమారుని పక్షమున గాక కోడలి పక్షమున నిలిచెను. కథ మరికొంత సాగిన పిమ్మట, కుమారుని దుర్మార్గమున కంతము కానరాక, ఆ తల్లియే తుపాకి చేతబట్టి అతనిని కాల్చి చంపెను.

తల్లి కుమారుని కాల్చుటయే ఆ కథకు పరాకాష్ఠ యని యెల్లరును తలతురు. నేటికిని ఆ దృశ్యమునే తలచుకొందురు. మే మట్లు తలంపము. మలుపు అంతకుముందే, కోడలు తన గోడు చెప్పుకొన్నప్పుడు అత్త దానిని నమ్మిన క్షణముననే కలిగినది. ‘ఏలయన అత్తయు నొకప్పుడు కోడలే’ యని ఆ కథ పేరునకు అర్థము. ‘అత్తా ఒకింటి కోడలే’ యని మన తెలుగువారును అందురు గదా! కాని ఈ సామెతను మనము సాధారణముగా నెట్లు వాడుచున్నాము? ‘నేను పడితిని, నీవును పడుము’ అను నర్థముననే గదా! తాను పడిన దుఃఖమును కోడలు పడగూడదని నిలిచిన అత్త లోకమున అరుదు. తన కన్నకొడుకుపైననే నేరము మోపబడినప్పుడు అట్లు నిలిచిన అత్త మరియు నరుదు. ఆ సామెతకు క్రొత్త యర్థము నిచ్చుటయే ఆ ఘట్టముయొక్క గొప్పతనము. ‘ఇది భార్యాభర్తల వ్యవహారము, గుట్టుగా నుంచుకొనుము’ అను మాట ఆ యత్త నోట రాలేదు. మన యిండ్లలో ఎన్ని నోళ్ల నుండి ఆ మాట వచ్చుచున్నదో మా చదువరు లెరుగనిది కాదు.

కుమారుని కాల్చిన తల్లి మనకు క్రొత్త కాదు. 1957లో శ్రీ మెహబూబ్ ఖాన్ తీసిన ‘మదర్ ఇండియా’ చిత్రములో రాధ యను రైతుస్త్రీ, వడ్డీవ్యాపారి కుమార్తెను పెండ్లినాడు ఎత్తుకొనిపోవుచున్న తన కొడుకు బిర్జూను తుపాకితో కాల్చెను. నర్గీస్ ధరించిన ఆ పాత్ర స్వతంత్ర భారతమాతకు ప్రతిబింబముగా జనుల హృదయములలో నిలిచిపోయినది. గ్రామముయొక్క ఆడపడుచు మానము కొడుకు ప్రాణముకంటె మిన్న యని ఆ తల్లి చాటెను. యావద్దేశమును ఆమెకు నమస్కరించెను.

ఆ చిత్రమునకును ఈ కథకును నడుమ గడచిన దూరమును గమనింపవలెను. బిర్జూ ఎత్తుకొనిపోయినది పరుని కూతురును. అది నేరమని ఊరికిని తెలియును, ఠాణాకును తెలియును, న్యాయస్థానమునకును తెలియును. అంశ్ బలాత్కరించినది తాళి కట్టిన భార్యను. అది నేరమని ఎవరికి తెలియును? ఆ నాలుగు గోడల నడుమ ఆ తల్లి కొక్కతెకు తెలిసినది. రాధ గ్రామముయొక్క న్యాయమును నిలబెట్టినది. తులసి యింకను ఎచ్చటను వ్రాయబడని న్యాయమును నిలబెట్ట బూనినది. అందుచేతనే ఈ కథ, తన పట్టుచీరల నడుమనుండియే, ఆ గొప్ప చిత్రమును దాటి యొక యడుగు ముందునకు వేసినదని మేము చెప్ప సాహసించుచున్నాము.

కాని తుపాకి మాట యేమి? ఒక నేరమునకు మరియొక నేరము శిక్ష కాజాలదు. తల్లి యైనను సరే, తీర్పు చెప్పి తానే శిక్ష నమలుపరచుటను నాగరికరాజ్య మంగీకరింపదు. కథకుడు తుపాకిని ఆమె చేతి కేల యిచ్చెను? ప్రేక్షకులకు గుండె జల్లుమను దృశ్యము కావలెనని కొందరందురు. అదియు కొంత నిజమే కావచ్చును. కాని మరియొక కారణమును ఉన్నది. ఆమె చేతికి ఇచ్చుటకు కథకునికడ వేరొక్క సాధనము లేదు. ఆ కాలమున అమలులో నుండిన భారత శిక్షాస్మృతిని తెరచి చూడుడు. అందలి 375వ విభాగము బలాత్కార మననేమో విపులముగా నిర్వచించి, చివరకు ఒక మినహాయింపును చేర్చినది. భార్య పదునైదేండ్లు నిండినదైనచో భర్త చేయు పని, ఆమె సమ్మతి లేకున్నను, బలాత్కారము కాదని దాని సారాంశము. నందిని ఠాణా మెట్లెక్కి యున్నచో ఆ విభాగమే యామెను వెనుకకు పంపియుండును. శాసనము మౌనము వహించినచోటనే తుపాకి మాటాడినది.

ఈ మినహాయింపుయొక్క చరిత్రమును మా చదువరులు తెలిసికొనదగును. మెకాలే ప్రభువు అధ్యక్షతను 1837లో సిద్ధమైన శిక్షాస్మృతి ముసాయిదాలో భర్తకు వయోనియమము సైతము లేకుండ పూర్తి రక్షణ మొసగబడినది. 1860లో శాసనము వెలువడునప్పుడు పదేండ్లు నిండిన భార్య విషయమున ఆ రక్షణము నిలుపబడినది. 1890లో కలకత్తాలో ఫూల్మణి యను బాలిక, పదునొకండేండ్ల ప్రాయముననే, భర్త సంపర్కముచేత మరణించెను. పదేండ్లు నిండెను గావున అది బలాత్కారము కాదని శాసనము పలికినది. ఆ పిల్ల ప్రాణము తీసిన మధ్యవయస్కునికి, అజాగ్రత్తగా గాయపరచిన నేరముక్రింద ఒక్క సంవత్సరము కఠినశిక్ష మాత్రమే పడినది. ఆ దుఃఖమునుండియే 1891 నాటి సమ్మతివయఃశాసనము పుట్టి వయస్సును పన్నెండునకు పెంచినది. 1925లో భార్యకు పదుమూడు, 1949లో పదునైదు. స్వతంత్ర భారతము పిమ్మట దాదాపు డెబ్బదేండ్లు ఆ యంకెవద్దనే నిలిచిపోయినది. 2013లో పార్లమెంటు ఇతర బాలికల సమ్మతివయస్సును పదునెనిమిదికి పెంచియు, భార్యల విషయమున పదునైదును అట్లే యుంచినది. 2017 అక్టోబరు 11న సుప్రీముకోర్టు తీర్పువలన అది పదునెనిమిది యైనది. 2024 జులై 1న అమలులోనికి వచ్చిన భారతీయ న్యాయ సంహిత, వలసకాలపు చిహ్నములను తుడిచివేయుటకే పుట్టితినని చెప్పుకొనియు, ఆ మినహాయింపును 63వ విభాగమున భద్రముగా నిలుపుకొన్నది.

ఈ నూటయరువదేండ్ల చరిత్రములో ఒక్క విషయము స్పష్టము. శాసనము ప్రతిసారియు భార్య వయస్సును గూర్చియే విచారించినది. ఆమె యిష్టమును గూర్చి ఒక్కసారియు విచారింపలేదు. ఏ యేటినుండి ఆమె దేహము భర్త సొత్తగునని లెక్కించినదే గాని, అది యెవరి సొత్తని అడుగలేదు.

1891లో మన జాతీయవాదులలో పలువురు ఆ శాసనము నెదిరించిరి. లోకమాన్య తిలక్ తన ‘కేసరి’ పత్రికలో దానిని తీవ్రముగా ఖండించిరి. హిందువుల సాంఘికాచారములలో విదేశీయ ప్రభుత్వము చేయి పెట్టరాదని వారి వాదము. జాతీయపత్రికాపక్షమున నిలిచిన మేము ఈ సంగతిని దాచదలచుకొనలేదు. లోకమాన్యుల దేశభక్తికి మేము చేతులు జోడింతుము; కాని ఆ విషయమున ఫూల్మణి పక్షమున వారు నిలువకపోవుట జాతీయోద్యమ చరిత్రలో ఒక మచ్చ యని ఒప్పుకొందుము. వారి కప్పుడు ఒక్క సాకైన నుండెను: పరిపాలకుడు పరాయివాడు. నేడు మన కా సాకును లేదు. శాసనము చేయువారు మనవారు. వారిని పంపినది మనము. పరాయివాడు మన యింటిలో చేయి పెట్టరాదన్న మాట సరియే. మనమైనను మన యింటిని శుభ్రపరచుకొనరాదా?

ఇక ఈ మినహాయింపు మన సంప్రదాయమని, వివాహముయొక్క పవిత్రతకు కోట యని వాదించువారున్నారు. ఇంతకంటె వింత వేరొండు లేదు. ఇది మన స్మృతులనుండి వచ్చినది కాదు. ఇంగ్లండునుండి ఓడ దిగివచ్చినది. పదునేడవ శతాబ్దమున ఆ దేశపు ప్రధానన్యాయమూర్తి సర్ మాథ్యూ హేల్, వివాహముచే భార్య యొకసారి సమ్మతి నిచ్చినదనియు, దానిని మరల తీసికొనజాలదనియు వ్రాసెను. ఆయన చనిపోయిన పిమ్మట 1736లో ఆ గ్రంథము ముద్రింపబడినది. దానినే ఆంగ్లన్యాయవాదులు వేదముగా పట్టుకొని మనకును తెచ్చి యిచ్చిరి. 1991లో ఇంగ్లండులోని ప్రభువుల సభ, అత్యున్నత న్యాయస్థానముగా కూర్చుండి, ఆ సిద్ధాంతమును త్రోసివేసినది. మన పొరుగున నున్న నేపాళము, ఆనాడు హిందూరాజ్యముగా నుండియే, 2002లో తన సుప్రీముకోర్టు తీర్పుచే భర్త కట్టి మినహాయింపు లేదని నిర్ణయించినది. యజమాని పారవేసిన చినిగిన కోటును సేవకుడు ఏరుకొని, ఇది మా తాతలనాటి శాలువ యని కప్పుకొన్నట్లున్నది మన స్థితి!

మన సంప్రదాయమును గూర్చియే విచారింతుము. పెండ్లిపీటలపై వరుడు చేయు ప్రమాణ మేమి? ధర్మమునందును, అర్థమునందును, కామమునందును ఈమెను నే నతిక్రమింపనని గదా! ‘నాతిచరామి’ యను ఆ మాటను అగ్నిసాక్షిగా, బంధుమిత్రుల యెదుట పలికించుచున్నాము. కామమునందును అతిక్రమింపనని ప్రమాణము చేసినవాడు భార్య కన్నీటిని లక్ష్యపెట్టక చేయు పని అతిక్రమణము గాక మరేమి? వివాహమును పవిత్ర మనువారే ఈ ప్రమాణభంగమును మొదట ద్వేషింపవలసియుండెను.

ప్రతిపక్షమువా రాడు మాటలు తేలికగా త్రోసివేయదగినవి కావు. ఇట్టి నేరము నంగీకరించినచో కుటుంబములు విచ్ఛిన్నమగునని వారి మొదటి యాక్షేపణ. నేటి శాసనములోనే దీనికి సమాధానమున్నది. భర్తనుండి వేరై యుండు భార్యపై అతడు బలాత్కారము చేసినచో అది నేటికిని నేరమే. రెండేండ్లనుండి ఏడేండ్లవరకు శిక్ష యున్నది. అనగా శాసన మామెతో పలుకుచున్నదేమి? ‘ఇల్లు విడిచి రమ్ము, అప్పుడు రక్షింతును, ఇంటనే యున్నచో నాకు సంబంధము లేదు’ అనియే గదా! కుటుంబమును విచ్ఛిన్నము చేయుచున్నది ఎవరు? న్యాయము కోరు భార్యయా, ఇల్లు విడిచినగాని న్యాయము లేదను శాసనమా?

అబద్ధపు ఫిర్యాదులు పుట్టునని రెండవ యాక్షేపణ. దొంగతనమును గూర్చియు, అప్పును గూర్చియు, భూమిని గూర్చియు అబద్ధపు వ్యాజ్యములు పుట్టుచునే యున్నవి. అందుచేత ఆ శాసనములను రద్దుచేయుమని ఎవరును కోరలేదు. నిజానిజములు తేల్చుటకే న్యాయస్థానము లున్నవి. నాలుగు గోడల నడుమ జరిగినదానికి సాక్ష్యము దొరకుట కష్టమగు మాట నిజము. ఆ కష్టము ఫిర్యాది యైన స్త్రీనే ముందుగా బాధించును. సాక్ష్యము కష్టమని నేరమునే కాదనుట, రోగము తెలిసికొనుట కష్టమని వైద్యశాలను మూసివేయుట వంటిది.

ఇతర శాసనములు చాలునని మూడవ యాక్షేపణ. 2005లో చేయబడి 2006 అక్టోబరులో అమలులోనికి వచ్చిన గృహహింస నిరోధక శాసనము, భర్త చేయు లైంగికహింసను సైతము హింసగా గుర్తించినది. అది మంచిదే. కాని ఆ శాసనము రక్షణోత్తర్వును, నివాసమును, నష్టపరిహారమును ఇప్పించునది. బలాత్కారమును బలాత్కారమని పలుకునది కాదు. పేరు పెట్టని నేరము సగము క్షమింపబడిన నేరమే.

ఇది యెక్కడనో నూటి కొకచోట జరుగునదని తలచువారు ప్రభుత్వమువారి లెక్కలనే చూడవలెను. 2019–21 నాటి జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో, లైంగికహింస ననుభవించితిమని చెప్పిన వివాహిత స్త్రీలలో నూటికి 82 మంది, అట్లు చేసినవాడు తమ ప్రస్తుత భర్తయే యని తెలిపిరి. చీకటిలో పొంచియుండు అపరిచితుని గూర్చి మన కూతుండ్రను హెచ్చరించుచున్నాము. దీపము వెలుగుచున్న యింటిని గూర్చి మాటాడుటకు మన నాలుక లాడుట లేదు.

మన తెలుగునాటి న్యాయస్థాన మీ విషయమున ఒకప్పుడు దేశమునకు దారి చూపినదను సంగతి పలువు రెరుగరు. భర్తనుండి వేరుపడిన భార్యను మరల కాపురమునకు రమ్మని శాసించు డిక్రీ, ఆమె దేహముపై ఆమెకు గల స్వాతంత్ర్యమును హరించునది గావున రాజ్యాంగవిరుద్ధమని 1983లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు న్యాయమూర్తి శ్రీ పి. ఎ. చౌదరి తీర్పు చెప్పిరి. మరుసటి యేడు, 1984లో, సుప్రీముకోర్టు ఆ మతమును నిరాకరించినది. అయినను ఆ తీర్పులోని ప్రశ్న చావలేదు. 2013 జనవరిలో జస్టిస్ వర్మ సంఘము, భర్తల కొసగబడిన మినహాయింపును తొలగింపుడని సిఫారసు చేసినది. 2022 మే 11న ఢిల్లీ హైకోర్టులో ఇరువురు న్యాయమూర్తులు విచారించి, ఒకరు మినహాయింపు చెల్లదనియు, మరియొకరు చెల్లుననియు పలికిరి. వివాదము సుప్రీముకోర్టు కెక్కినది. 2024 అక్టోబరులో కేంద్రప్రభుత్వము, ఇట్టి పనిని బలాత్కారముగా శిక్షించుట మిక్కిలి కఠినమగుననియు, వివాహవ్యవస్థకు హాని కలుగుననియు ఆ న్యాయస్థానమునకు విన్నవించినది. టెలివిజను తెరపై ఒక తల్లి ఇరువదేండ్లకు ముందే ఇచ్చిన తీర్పును రాజ్యము చెప్పుటకు జంకుచున్నది.

ఇంత చెప్పిన పిమ్మట ఆ కథలోని లోపమును గూర్చియు చెప్పకున్న న్యాయము కాదు. తుపాకి ప్రేలిన క్షణమునుండి ఆ కథ తల్లిది యైపోయినది. కొడుకును తన చేతితో చంపుకొన్న మాతృహృదయముయొక్క శోకమును తలచి లక్షలమంది కన్నీరు కార్చిరి. ఆమె త్యాగమునకు జోహారు లర్పించిరి. నందిని యెచ్చట? అన్యాయము జరిగినది ఆమెకు. గాయపడినది ఆమె. అయినను కథ కామె ఒక కారణము మాత్రమే యైనది. అవమానమునొందిన స్త్రీకి కథ న్యాయము నొసగలేదు. ఆమె పేరిట మరియొక స్త్రీని దేవతను చేసినది. మన జాతికి ఇది పాతజబ్బు. తల్లిని పూజింతుము, భార్య మాట వినము. దేవీప్రతిమకు హారతి పట్టిన చేతితోనే పడకటింటి తలుపు గొళ్లెము వేయుదుము.

నందిని కోరినది దేవత యైన అత్తను కాదు. ఆమె మాట వ్రాసికొను ఒక కానిస్టేబులు, ఆమె నవమానింపక పరీక్షించు ఒక వైద్యురాలు, ఆమె వాఙ్మూలమును వినిపించుకొను ఒక న్యాయాధిపతి యున్నచో తులసి తల్లిగానే మిగిలియుండును. కొడుకు చెరసాలలో నుండియైనను పశ్చాత్తాపపడియుండును. ప్రతి యింటను ఒక తులసి యుండదు. ఉండవలెనని కోరుటయు ధర్మము కాదు. తల్లులు హంతకులు కానక్కరలేకుండ చేయుటకే గదా రాజ్యమును, శాసనమును ఏర్పరచుకొన్నాము!

ధారావాహికలు వ్రాయువారికిని మే మొక మాట విన్నవింతుము. తెలుగుదేశమున సంఘసంస్కారము ఉపన్యాసములచేతనే సాగలేదు. కందుకూరి వీరేశలింగముగారు 1881 డిసెంబరు 11న రాజమహేంద్రవరమున మొదటి వితంతువివాహము జరిపించిరి. ఆ చేతితోనే ప్రహసనములు వ్రాసి లోకమును నవ్వించి సిగ్గుపడజేసిరి. గురజాడ అప్పారావుగారి ‘కన్యాశుల్కము’ 1892లో మొదట ప్రదర్శింపబడినప్పుడు, అది వినోదమా, బోధయా యని విడదీసి చెప్పగలవారు లేకుండిరి. నేడు రంగస్థల మింటింటి గోడపైకి వచ్చినది. వీరేశలింగముగారు కలలోనైన నెరుగనంత ప్రేక్షకబలము మీకున్నది. విషము కలిపిన పాలగ్లాసులతోను, పోలికగల కవలలతోను దానిని వ్యర్థపరుపకుడు. ఒక్కసారి మీరే సత్యమును స్పృశించితిరి. మరల స్పృశింపుడు, కాని ఈసారి తుపాకితో కథను ముగింపకుడు. నందినిని ఠాణా మెట్లెక్కింపుడు, కోర్టు బోనులో నిలువబెట్టుడు, ఆమెచేతనే మాటాడింపుడు. అచ్చట శాసన మామెకు చెప్పు సమాధానమును ఇంటింటను వినిపింపుడు. దానిని విన్న ప్రజ లూరకుండరని మా నమ్మకము.

చదువరులకు మా మనవి యొక్కటి. పఠనమందిరములలో ఈ విషయమును చర్చింపుడు. మీ శాసనసభ్యులను, పార్లమెంటు సభ్యులను ఈ మినహాయింపును గూర్చి నిలదీసి యడుగుడు. అంతకంటె ముందుగా మీ యింటిలో, మీ కూతురో కోడలో తలవంచుకొని నోరు విప్పినప్పుడు, ‘సర్దుకొనుము’ అను మాట నోట రానీయకుడు. తులసి చేసిన మొదటి పని అదియే. అందులకు తుపాకి యక్కరలేదు. ఆ మొదటి పనిని ఇంటింటి తల్లులు, తండ్రులు చేసినచో, రెండవదానిని శాసనము చేయక తప్పదు. శాసనము తన పని చేసిననాడు తల్లి చేతిలోని తుపాకి తనంతట జారిపడును.